నవ్వించిన ముఖం, నడిపించిన చేయి: మరియా ఎలెనా వెలాస్కో సినిమాలు



ఈ ఉపన్యాసం ఎవరి స్మృతిలో ఏర్పాటైందో ఆయన ఫిల్మ్ సొసైటీ మనిషి. ప్రపంచ ప్రఖ్యాత చిత్రాల గురించి ఎంత శ్రద్ధగా మాట్లాడేవారో, జనం ఎగబడి చూసిన సినిమాల గురించీ అంతే శ్రద్ధగా మాట్లాడేవారు. నేల టిక్కెట్టు ప్రేక్షకుడు ఎక్కడ నవ్వాడో గమనించనివాడికి ఆ సినిమా సగమే అర్థమైనట్టని ఆయన నమ్మకం. ఆ నమ్మకం నాకూ అబ్బింది. అందుకే ఈ సాయంత్రం ఒక హాస్యనటి గురించి మాట్లాడాలనుకున్నాను. దేశమంతా చూసి నవ్విన మనిషి ఆమె. విమర్శకులు మాత్రం చాలాకాలం ఆమె వైపు కన్నెత్తి చూడలేదు. పేరు మరియా ఎలెనా వెలాస్కో. మెక్సికోలో ఆ పేరు చెబితే కొందరు తటపటాయిస్తారేమోగానీ, 'లా ఇందియా మరియా' అంటే పసిపిల్లలు కూడా గుర్తుపడతారు.

ఆమె 1940 డిసెంబర్‌లో ప్యూబ్లా నగరంలో పుట్టింది. తండ్రి రైల్వే మెకానిక్. బతుకుతెరువు కోసం రాజధానికి వచ్చి, నాట్యబృందాల్లో కాళ్లు అరిగేలా ఆడింది. అప్పట్లో మెక్సికో నగరంలో తివొలీ, బ్లాంకీతా లాంటి వినోదశాలలు ఉండేవి. ఒకే సాయంత్రం పాట, డాన్సు, చిన్న హాస్య నాటిక అన్నీ ఒకదాని తర్వాత ఒకటి నడిచేవి. డేరా నాటకాల సంప్రదాయం నుంచి వచ్చిన రంగస్థలం అది. కాంతిన్‌ఫ్లాస్ పేరుతో ప్రపంచానికి తెలిసిన మారియో మొరేనో కూడా ఆ డేరాల నుంచి వచ్చినవాడే. అలాంటి వేదికల మీద హాస్యగాళ్ల పక్కన నిలబడి వాళ్ల జోకుకు అందింపు మాట విసిరే పని వెలాస్కోది. నవ్వు ఆయనది, అందింపు ఈమెది. ఈ పని చేసినవాళ్లకు ఒక విద్య పట్టుబడుతుంది. జోకు ఎక్కడ పుడుతుందో, ఎవరి మీద పడుతుందో చెవితోనే పసిగట్టేస్తారు. ఆమె దర్శకత్వానికి పునాది అక్కడే పడిందని నా అభిప్రాయం.

ఆ రోజుల్లో రాజధాని వీధుల్లో కొత్తగా కొందరు ఆడవాళ్లు కనిపించసాగారు. వాళ్లలో చాలామంది నగరానికి వాయవ్యంగా ఉన్న ఎత్తైన పల్లెల నుంచి వచ్చిన మసావా జాతి స్త్రీలు. సాగు గిట్టుబాటు కాక, పిల్లల్ని వీపున కట్టుకుని వచ్చి, కాలిబాట మీద గుడ్డ పరిచి నాలుగు నారింజలో కమలాలో కుప్పలు పోసి అమ్మేవారు. పోలీసులు వస్తే గుడ్డ నాలుగు కొసలూ పట్టుకుని పరుగెత్తేవారు. నగరవాసులు వాళ్లందరినీ ఒకే పేరుతో పిలిచేవారు: మరియాలు. ఎవరి పేరు ఏమిటని అడిగే ఓపిక ఎవరికీ ఉండేది కాదు. మానవశాస్త్రవేత్త లూర్దెస్ అరీస్పె 1975లో వాళ్ల మీద ఒక పుస్తకం రాసింది. మెక్సికో సామాజిక శాస్త్రంలో ఇప్పటికీ చదవదగిన పుస్తకం అది.

వెలాస్కో ఆ ఆడవాళ్ల నుంచే తన పాత్రను తీసుకుంది. రంగురంగుల రిబ్బన్లు కలిపి అల్లిన రెండు జడలు, కళ్లు జిగేలుమనే రవిక, కుచ్చుల పరికిణీ, కాళ్లకు తోలు చెప్పులు, చిన్నచిన్న అడుగులతో గబగబా నడక. మాటలో పల్లె స్పానిష్. వ్యాకరణం తప్పుతుంది గానీ లెక్క తప్పదు. టీవీలో ఆదివారం కార్యక్రమాల ద్వారా ఈ మరియా ఇంటింటికీ చేరింది. 1972లో ఫెర్నాందో కోర్తెస్ దర్శకత్వంలో 'తోంతా, తోంతా, పెరో నో తాంతో' వచ్చింది. తెలివితక్కువదే గానీ మీరనుకునేంత కాదు అని ఆ పేరుకు అర్థం. ఆ సినిమా ఆడాక ఇక దాదాపు ఏటా ఒక మరియా సినిమా.

వాటి కథలు విన్నా చాలు, ఇవి గాలి కబుర్లు కావని తెలుస్తుంది. 1976 నాటి 'ఎల్ మియెదో నో ఆందా ఎన్ బూర్రో'లో ఒక ధనికురాలు చనిపోతూ ఆస్తి మొత్తం తన కుక్కపిల్ల పేరిట రాస్తుంది. ఇంటిల్లిపాదికీ చాకిరీ చేసిన మరియాకు దక్కేది ఆ కుక్క సంరక్షణ. మిగతా సినిమా అంతా ఆస్తి కోసం చుట్టాలు ఆ కుక్కను, దానితోపాటు పనిమనిషిని చంపడానికి చేసే ప్రయత్నాలే. దయ్యాల కొంప హాస్యం అని తోసేయవచ్చు. కానీ యజమాని మనసులో పనిమనిషి ఎన్నో మెట్టు మీద ఉందో ఇంతకంటే సూటిగా ఏ గంభీర చిత్రం చెప్పింది? 1975లో వచ్చిన 'లా ప్రెసిదెంతా మునిసిపాల్'లో ఒక పొరపాటు వల్ల మరియా పురపాలక అధ్యక్షురాలు అవుతుంది. అదే సంవత్సరం ఐక్యరాజ్యసమితి తొలి ప్రపంచ మహిళా సదస్సు మెక్సికో నగరంలోనే జరిగింది. మెక్సికో స్త్రీలకు జాతీయ ఎన్నికల్లో ఓటు వచ్చింది 1953లో. ఇరవై రెండేళ్ల తర్వాత కూడా ఒక మూలవాసి స్త్రీ కుర్చీ ఎక్కాలంటే కథలో పొరపాటు జరిగితే తప్ప ప్రేక్షకుడు నమ్మడు.

ఇక్కడివరకూ ఆమె నటి. 1979లో ఫెర్నాందో కోర్తెస్ చనిపోయాడు. మరియా సినిమాలను మలిచిన దర్శకుడు ఆయన. ఆ తర్వాత రెండు సినిమాలు పాతకాలపు హాస్య దర్శకుడు హిల్బెర్తో మార్తీనెస్ సొలారెస్ చేతుల్లో నడిచాయి. భర్త హులియాన్ దె మెరిచె 1970ల్లోనే పోయాడు. రష్యాలో పుట్టి మెక్సికోలో నటుడిగా, నృత్య దర్శకుడిగా స్థిరపడిన మనిషి ఆయన. పిల్లల బాధ్యత, పాత్ర బాధ్యత రెండూ ఆమె ఒక్కదాని మీదే పడ్డాయి. 1983లో 'ఎల్ కొయోతే ఎంప్లుమాదో'తో ఆమె దర్శకురాలైంది.

ఇది ఎంత పెద్ద అడుగో తెలియాలంటే వెనక్కి చూడాలి. మెక్సికోలో నటీమణులు దర్శకత్వానికి పూనుకోవడం కొత్త కాదు. కానీ పూనుకున్న ప్రతిసారీ దారి మూసుకుపోయింది. 1917లో గాయని, నటి మిమీ దెర్బా ఛాయాగ్రాహకుడు ఎన్రీకె రోసాస్‌తో కలిసి ఆస్తెకా ఫిల్మ్ సంస్థ పెట్టి ఒకే ఏడాదిలో ఐదు చిత్రాలు తీసింది. వాటిలో 'లా తిగ్రెసా' దర్శకత్వం ఆమెదేనంటారు. ఆ సంస్థ నిలవలేదు, ఆ చిత్రాలూ మనకు దక్కలేదు. 1932లో మెక్సికో తొలి టాకీల్లో ఒకటైన 'సాంతా'లో ఆమె వేశ్యాగృహం నడిపే యజమానురాలిగా కనిపిస్తుంది. ఒకప్పుడు సొంత సంస్థ నడిపిన మనిషి చివరికి తల్లి, అవ్వ, పెద్దమ్మ వేషాలతో కాలం వెళ్లబుచ్చింది.

అదేలా సెకేయ్‌రో సంగతి మరీ బాధాకరం. వెరాక్రూస్ అమ్మాయి, పత్రికా రచయిత్రి, మూకీల్లో నటి. 1937లో సహకార సంఘం పెట్టి 'లా ముహేర్ దె నాదియె' తీసింది. కథ ఆమెదే, నిర్మాణం ఆమెదే, దర్శకత్వం ఆమెదే, నాయిక కూడా ఆమే. మెక్సికోలో ఒక స్త్రీ దర్శకత్వం వహించిన తొలి టాకీ అది. హింస పడలేక ఇల్లు విడిచిన అమ్మాయి ముగ్గురు కళాకారుల ఇంట ఆశ్రయం పొందుతుంది. ముగ్గురూ ఆమెను ప్రేమిస్తారు. వాళ్ల స్నేహం చెడకూడదని ఆమె ఎవరినీ ఎంచుకోకుండా వెళ్లిపోతుంది. మరుసటి ఏడాది మురికివాడ పిల్లల మీద ఇంకో సినిమా తీసింది. అప్పులు మిగిలాయి. మళ్లీ కెమెరా వెనక్కి వెళ్లలేదు. 1992 దాకా బతికింది గానీ, ఆమె ఎవరో సినీ చరిత్రకారులు గుర్తుపట్టేసరికి వయసు ఎనభై దాటింది. ప్రతిభ చాలక ఆగిపోయిన మనిషి కాదు సెకేయ్‌రో. రెండో సినిమా నష్టాన్ని భరించే బలం లేక ఆగిపోయింది. మగ దర్శకులకు మాత్రం నష్టం తర్వాత ఇంకో అవకాశం దొరికేది. ఇది చెప్పేటప్పుడు నాకు కోపం వస్తుంది, దాచుకోను.

మనకూ ఈ చరిత్ర ఉంది. భానుమతి 1953లో 'చండీరాణి'ని మూడు భాషల్లో తీసి దర్శకురాలైంది. 1968లో సావిత్రి 'చిన్నారి పాపలు' తీసింది. విజయనిర్మల నలభైకి పైగా సినిమాలకు దర్శకత్వం వహించింది. సొంత సంస్థ అండ ఉన్న భానుమతి నిలబడింది, సావిత్రి అప్పుల్లో కూరుకుపోయింది. మెక్సికో లెక్కే ఇక్కడా.

వెలాస్కోకు దెర్బాకూ సెకేయ్‌రోకూ లేని ఒక ఆస్తి ఉంది. అది ఆమె సొంత పాత్ర. మరియాను ఇంకెవరూ వేయలేరు. మరియా లేకుండా ఆ టిక్కెట్లు తెగవు. నిర్మాతలు ఎవరైనా బేరం ఆమె దగ్గరకే రావాలి. 1982లో పెసో కుప్పకూలింది, బ్యాంకులు జాతీయమయ్యాయి, సినిమా పరిశ్రమ చవకబారు శృంగార హాస్యాల మీద బతుకీడుస్తోంది. అలాంటి ఊబిలో ఒక స్త్రీ తనే రాసి, తనే నటించి, తనే దర్శకత్వం వహించి, కుటుంబమంతా కలిసి కూర్చుని చూడగలిగే సినిమా తీసి నెగ్గుకొచ్చింది. 1984లో కవలల కథ 'నీ చానా, నీ హువానా', 1988లో 'నీ దె అకీ, నీ దె అయా', 1993లో 'సె ఎకివొకో లా సిగ్వెన్యా' అదే వరసలో వచ్చాయి.

'ఎల్ కొయోతే ఎంప్లుమాదో' దగ్గర కాస్త ఆగుతాను. మరియా ఇందులో కుమ్మరి కుటుంబం మనిషి. పురాతన శిల్పాలకు నకళ్లు చేసి అమ్మడం వాళ్ల బతుకు. ఈకల తోడేలు రూపంలో ఉన్న ఒక అసలు శిల్పం, దాని మట్టి నకలు చేతులు మారతాయి. దొంగలు వెంటపడతారు, కథ పరుగు అందుకుంటుంది. పైపైన చూస్తే తారుమారు హాస్యం. కానీ ఆ వస్తువు ఎంపికను చూడండి. 1964లో మెక్సికో ప్రభుత్వం చపుల్తెపెక్ తోటలో మానవశాస్త్ర జాతీయ మ్యూజియం కట్టింది. ప్రపంచంలోని గొప్ప మ్యూజియంలలో అదొకటి. ఆస్తెక్కుల, మాయన్ల శిల్పాలకు అక్కడ పాలరాతి నేల, అద్దాల బీరువా, కాపలాదారులు. చనిపోయిన మూలవాసి జాతికి గర్వకారణం. బతికున్న మూలవాసి స్త్రీ కాలిబాట మీద కమలాలు అమ్ముకుంటే పోలీసు తరుముతాడు. ఆ రెండింటినీ ఒకే మూటలో కట్టి మరియా చేతికిచ్చింది వెలాస్కో. ఆ శిల్పం కోసం ప్రాణాలు తీయడానికి సిద్ధపడే పెద్దమనుషులకు, అలాంటిదే తన చేతులతో చేయగల మనిషి ఎదురుగా ఉన్నా ఆనదు. సినిమా వచ్చిన రెండేళ్లకు, 1985 క్రిస్మస్ నాటి తెల్లవారుజామున, అదే జాతీయ మ్యూజియం నుంచి వందకు పైగా పురాతన వస్తువులు నిజంగానే చోరీ అయ్యాయి.

దర్శకురాలిగా ఆమె చేసిన మార్పు ఏమిటి? షాట్ల కూర్పులో కొత్త పోకడలు వెతికితే నిరాశే మిగులుతుంది. ఆమె చిత్రీకరణ సాదాసీదా. మనిషి పూర్తిగా కనిపించాలి, మాట తెలియాలి, పడిపోతే నేల దాకా చూపాలి. మార్పు వేరేచోట ఉంది. దృశ్యం చివర భంగపడేది ఎవరు? ఆమె సినిమాల్లో ఆరంభంలో మరియా కొత్త చోట తికమకపడుతుంది, ప్రేక్షకుడు ఆమెను చూసి నవ్వుతాడు. కానీ దృశ్యం ముగిసేసరికి అధికారి, దొరసాని, పోలీసు, గుమాస్తా ఎవరో ఒకరు వెర్రిముఖం వేసుకుని నిలబడతారు. ఆ నవ్వును మరియా మీద నుంచి ఎత్తి వాళ్ల మీద పెట్టే క్షణం దగ్గర ఆమెకున్న పట్టు అసాధారణం. ఒకప్పుడు అందింపు మాటలు విసిరిన మనిషి నేర్చుకున్న విద్య ఇదే.

ఇంకో సంగతి. చాలా సినిమాల్లో మరియాకు ప్రేమకథ ఉండదు. నలభై దాటిన స్త్రీ, అందగత్తెగా చూపించని స్త్రీ, ప్రియుడు లేకుండా గంటన్నర సినిమాను తన భుజాల మీద మోసింది. చివర పెళ్లి పీటలు ఎక్కదు, పల్లెకు తిరిగి వెళ్తుంది.

'నీ దె అకీ, నీ దె అయా' ఆమె సినిమాల్లో నాకు అన్నింటికంటే ఇష్టం. ఇక్కడిదీ కాని, అక్కడిదీ కాని మనిషి కథ. తండ్రికి ట్రాక్టర్ కొనిపెట్టాలని మరియా అమెరికాలో ఇంటిపనికి బయల్దేరుతుంది. లాస్ ఏంజిలిస్ విమానాశ్రయంలో ఒక హత్య ఆమె కంటపడుతుంది. హంతకుడు వెంటాడుతుంటే ఆ మహానగరంలో ఒక పని నుంచి ఇంకో పనికి పారిపోతూ ఉంటుంది. డిటెక్టివ్ కథ ఒక సాకు మాత్రమే. 1986లో అమెరికా కొత్త వలస చట్టం చేసింది. ఇరవై లక్షలకు పైగా మందికి చట్టబద్ధత ఇచ్చింది, అదే చట్టంతో కాగితాలు లేనివాళ్లకు పని ఇచ్చే యజమానులకు శిక్షలూ తెచ్చింది. రెండేళ్ల తర్వాత వచ్చిన ఈ సినిమాను సరిహద్దుకు రెండువైపులా చూసినవాళ్లు, తమ సంగతి తమకే చెబుతున్నట్టు చూశారు. ట్రాక్టర్ దగ్గర నేను చాలాసేపు ఆలోచించాను. వలసకు కారణం పేదరికమనే పెద్దమాట ఆమె వాడలేదు. తండ్రి పొలం, ఆ పొలానికి కావలసిన యంత్రం, ఆ యంత్రం ధర: అంతవరకే చెప్పింది. గల్ఫ్‌కు వెళ్లే కరీంనగర్, కడప జిల్లాల మనిషికి ఈ లెక్క ఎవరూ విడమరిచి చెప్పనక్కర్లేదు.

ఇప్పుడు ఆమె మీద ఉన్న అభియోగం. అది తేలికది కాదు. వెలాస్కో మసావా స్త్రీ కాదు, మెస్తీసో, అంటే మిశ్రమ సంతతి, కుటుంబంలో పుట్టిన నగర యువతి. ఇంకొకరి బట్టలు కట్టి, ఇంకొకరి మాట తీరును అనుకరించి నవ్వించింది. ఆ జడలు, ఆ మాట దేశమంతటికీ మూలవాసి స్త్రీ అంటే ఇదే అన్న ముద్ర వేశాయి. ఆ పేరునే ఇతరుల్ని వెక్కిరించడానికి వాడుకున్నారు. ఆ వెక్కిరింపు పడినవాళ్ల నొప్పిని వెలాస్కో ఉద్దేశం మంచిదన్న మాటతో చెరిపేయలేం. కాంతిన్‌ఫ్లాస్‌ను జాతి సంపద అన్నారు, ఈమెను అవమానం అన్నారు, ఆడది కాబట్టే ఇలా అన్నారు అనేవాళ్లున్నారు. అందులో నిజం ఉంది గానీ మొత్తం నిజం కాదు. కాంతిన్‌ఫ్లాస్ తాను పుట్టిన పేటల మనిషినే వేశాడు. వెలాస్కో వేసింది తాను వీధిలో చూసిన మనిషిని. ఆ దూరం దూరమే.

అయినా ఆ అభియోగం మోపే సినీరంగం ఇన్నేళ్లలో ఏం చేసింది? మూలవాసి స్త్రీని తెర మధ్యన నిలబెట్టిందా? అల్ఫొన్సో కువారోన్ 'రోమా' 2018లో వచ్చింది. ఒహాకా రాష్ట్రంలోని త్లాహియాకో ఊరి అమ్మాయి, మీస్తెక్ మూలాలున్న యాలీత్సా అపరీసియో నాయిక. మరుసటి ఏడాది ఆస్కార్ ఉత్తమ నటి నామినేషన్ పొందింది. మరియా తొలి సినిమాకూ దీనికీ మధ్య నలభై ఆరేళ్లు. ఎట్టకేలకు తెర మీదకు వచ్చిన ఆ మూలవాసి నాయిక పాత్ర కూడా ఇంటి పనిమనిషిదే. వెలాస్కోను తప్పుపట్టే హక్కు మసావా స్త్రీకి నిండుగా ఉంది. ఆ స్త్రీని తెర అంచున కూడా నిలబెట్టని పరిశ్రమకు మాత్రం లేదు.

చివరి దశ గురించి క్లుప్తంగా చెబుతాను. 1999లో కొడుకు ఇవాన్ లిప్కియెస్ దర్శకత్వంలో 'లాస్ దెలీసియాస్ దెల్ పొదేర్' వచ్చింది. దేశాధ్యక్ష పదవి చుట్టూ తిరిగే హాస్యం అది. మరుసటి ఏడాదే డెబ్బై ఒక్క ఏళ్లుగా గద్దె మీదున్న పార్టీ ఓడిపోయింది. మెక్సికో తొలి మహిళా అధ్యక్షురాలు క్లౌదియా షేన్‌బామ్ పదవి చేపట్టింది 2024లో. అప్పటికి వెలాస్కో లేదు. 'లాస్ దెలీసియాస్ దెల్ పొదేర్' తర్వాత ఆమె పిల్లలతో కలిసి 'హువపాంగో' స్క్రీన్‌ప్లే రాసింది. షేక్‌స్పియర్ ఒథెల్లోను మెక్సికో ఈశాన్య ప్రాంతమైన హువస్తెకాకు తరలించారు. అక్కడ చెక్కపలక మీద మడమలు దడదడలాడించే నాట్యం, వయొలిన్ వెంబడి వచ్చే గుప్పెడు తీగల వాద్యాలు. ఆ నాట్యబృందంలోనే అసూయ రాజుకుంటుంది. మరియా జడలు లేవు, పరికిణీ లేదు. ఆ స్క్రీన్‌ప్లేకు మెక్సికో సినిమా అకాడమీ ఆరియెల్ పురస్కారం ఇచ్చింది. అన్నేళ్ల తర్వాత ఆమె కలానికి దక్కిన గుర్తింపు అది. 2014లో 'లా ఇహా దె మొక్తెసూమా'లో చివరిసారి మరియాగా కనిపించి, 2015 మే 1న ఆమె కన్నుమూసింది. 2017లో స్విట్జర్లాండ్ పరిశోధకురాలు సెరైనా రోరర్ ఆమె సినిమాల మీద పూర్తి పుస్తకం ప్రచురించింది. నటిగా కాదు, సినిమా తయారుచేసిన మనిషిగా ఆమెను చదివిన పుస్తకం.

ఫిల్మ్ సొసైటీ మిత్రులు ఈ సభలో చాలామంది ఉన్నారు కాబట్టి ఒక విన్నపం. మెక్సికో సినిమా అనగానే బున్యుయెల్, కువారోన్, ఇన్యారీతు చిత్రాలు వేస్తున్నారు. వేయండి. వాటితోపాటు ఒక వారాంతం ఈ ముగ్గురు నటీమణులకు కేటాయించండి. సెకేయ్‌రో 'లా ముహేర్ దె నాదియె' మొదట వేయండి, తర్వాత 'ఎల్ కొయోతే ఎంప్లుమాదో', ఆఖరున 'నీ దె అకీ, నీ దె అయా'. దెర్బా తీసిన చిత్రాలు మిగల్లేదు కాబట్టి ఆమె గురించి పది నిమిషాలు ఎవరైనా మాట్లాడాలి. గల్ఫ్ నుంచి తిరిగొచ్చిన కార్మికులను మూడో సినిమాకు ప్రత్యేకంగా పిలవండి. చర్చలో మొదటి మాట వాళ్లనే మాట్లాడనివ్వండి.